గడ్డం గీసేవేళ అడిగిన మాట

ప్రెసిడెంటుగారి ముఖం కన్నా ముందు నాకు ఆయన కుడిపాదం తెలుసు. నరసరావుపేటలో మా ఇల్లూ వారి ఇల్లూ ఎదురెదురు. మా వీధిగది కిటికీలోంచి చూస్తే వారి అరుగు కనిపించేది. కానీ ఆ అరుగు మీది లావుపాటి రాతిస్తంభం ఆయన్ని సగానికి దాచేసేది. ముఖమూ భుజాలూ స్తంభం వెనక, మోకాలూ పిక్కా పాదమూ ఇటువైపు. ఆ పాదానికి బొటనవేలు మిగతా వేళ్ళతో పొత్తు లేనట్టు పక్కకు తిరిగి ఉండేది. నేను బడికి వెళ్ళేముందు జడ వేయించుకుంటూ రోజూ చూసింది ఆ వేలినే.

ఆయన ఈ మధ్యనే ఢిల్లీలో పోయారు. పేపర్లో వేశారు. తాలూకా బోర్డు ప్రెసిడెంటు, తర్వాత జిల్లా బోర్డు, తర్వాత మద్రాసు శాసనసభ, నడుమ జైలు, చివరికి ఢిల్లీలో రాజ్యాంగ సభ. అన్నీ వరుసగా, తప్పు లేకుండా ఉన్నాయి. చదివాక నాకు వింతగా అనిపించింది. ఆ మెట్లన్నీ ఎక్కిన మనిషిని మా ఊళ్ళో ఎవరూ మొదటి మెట్టు దాటనివ్వలేదు. ఢిల్లీ వెళ్ళినా ఆయన ప్రెసిడెంటుగారే. ఆయనకు గడ్డం గీసే కోటయ్యను ఎవరో అడిగారట, ఇంకా ప్రెసిడెంటేందయ్యా అని. "మడిసి మారాడా? గడ్డం మారిందా? పేరెందుకు మారాల?" అన్నాడట.

ఆయన పోయారని తెలిసినప్పుడు నాకు దుఃఖంతో పాటు ఇంకొకటి కలిగింది. నేను అడిగిన మాటకు జవాబు చెప్పకుండా పోయారే అనిపించింది.

ఆ మాట ఇది. మా అత్తగారి ఊరు గురజాలలో ఆడపిల్లలకు కొత్తగా బడి పెడుతున్నారు. బి.ఏ. చదివిన ఆడమనిషి ఊళ్ళో నేనొక్కదాన్నే. పంతులమ్మగా చేరమని నన్ను అడిగారు. మా వారు "నీ ఇష్టం" అన్నారు. అంటే అమ్మను ఒప్పించుకో అని అర్థం. మా అత్తయ్య, "పాలు తాగే పిల్లనొదిలి ఊళ్ళో పిల్లలకు అక్షరాలు దిద్దిస్తావా?" అంది. మళ్ళీ తనే, "మీ ఊరి ప్రెసిడెంటున్నాడుగా, ఆయన్నడుగు. ఆయన సరేనంటే నేను అడ్డం రాను," అంది. మా మామగారి పొలం గట్టు తగాదా కోర్టుకెక్కకుండా తీర్చింది ఆయనే. అత్తయ్యకు ఆయన మాట మీద గురి.

నా సంగతి నాకే తెలియలేదు. పాపకు పది నెలలు. రెండు రోజులు బాగుంటే మూడో రోజు రొంప, ఆ వెంటనే జ్వరం. నేను పక్కగదిలో ఉన్నా దాని ఊపిరి వినిపించకపోతే లేచి వచ్చి ముక్కు దగ్గర వేలు పెట్టి చూస్తాను. అలాంటిదాన్ని పొద్దుటినుంచి సాయంత్రందాకా బళ్ళో ఎలా కూర్చుంటాను? ఆయన వద్దంటే నా భయానికి ఒక పెద్దమనిషి తోడు దొరికేవాడు. సరేనంటే నా చదువుకు దొరికేవాడు. ఏదైనా ఆయనే చెప్పాలి అనుకున్నాను. ఆయన్ని అడగడానికి పల్నాటి వాళ్ళకు తెలిసిన వేళ ఒక్కటే.

అది గడ్డం గీయించుకునే వేళ.

ప్రెసిడెంటుగారు మాటకారి. మాటకారి అంటే సరిపోదు. ఎదుటివాడు "అయ్యా, మా ఊరి చెరువు..." అనగానే చెరువు కథ ఆయనే చెప్పేవారు. తెగిన గండి, తవ్వించిన దొర, ఆ దొర గుర్రం, అన్నీ వచ్చేవి. వచ్చినవాడి చెరువు మాత్రం వచ్చేది కాదు. బెల్లంకొండ నుంచి బండి కట్టుకొచ్చిన మనిషి ఒకసారి సాయంత్రందాకా కూర్చుని, తను వచ్చిన పని తప్ప తక్కినవన్నీ తెలుసుకుని వెళ్ళాడని మా నాన్న నవ్వుతూ చెప్పేవాడు.

పడుచుతనంలో ఇలాగే మాట్లాడుతూ గీయించుకుంటుంటే కత్తి గడ్డం కింద లోతుగా దిగిందట. అప్పట్నుంచి ముఖానికి సబ్బు పట్టించగానే నోరు బిగించేసేవారు. తువ్వాలుతో తుడిచేదాకా ఉలుకూ పలుకూ ఉండేది కాదు. ఈ సంగతి జనం కనిపెట్టారు. ఇక పొద్దున్నే అరుగు ముందు ముప్పాళ్ళ వాళ్ళు, సత్తెనపల్లి వాళ్ళు, మాచర్ల బస్సు దిగిన వాళ్ళు. కోటయ్య కత్తుల పొది విప్పగానే ఒకరి తర్వాత ఒకరు చెప్పుకునేవారు. యుద్ధం రోజుల బొగ్గు బస్సు నడిపే మస్తాను కంట్రోలు టైర్ల సంగతి, మిషను బడి దావీదు మాస్టారు పైకప్పు సంగతి. రోజంతా ఆయన మాట్లాడితే ఆ కాసేపు ఊరు మాట్లాడేది. తుడుచుకున్నాక ఆయన ఒక్కొక్కరికీ ఒక్కొక్క ముక్కలో చెప్పేవారు. "నువ్వు కలెక్టరాఫీసుకు రా. నీది కుదరదు. నీ తమ్ముణ్ణి పంపు, నీతో కాదు." అంత విన్నాక ఆ మాటలు కచ్చితంగా ఉండేవి.

ఈ ఏర్పాటులో కోటయ్య చిన్న మనిషేం కాదు. తనకు నచ్చిన వాడు చెబుతుంటే కత్తి మళ్ళీ నూరడానికి ఆగేవాడు. నచ్చనివాడైతే రెండు గీతల్లో ముగించి తువ్వాలు అందించేవాడు.

"ఏం కోటయ్యా, నా మాట సగంలో ఉండగానే తుడిచేశావు?" అని ఒకాయన దెబ్బలాడాడు.

"నీ మాట సాగినంత గడ్డం అయ్యగారికి లేదు. ఏం జేసేది?" అన్నాడు కోటయ్య.

తుడుచుకునేదాకా ఆగలేని వాళ్ళు ఆయన కాలు చూసేవాళ్ళు. విన్నది నచ్చితే బొటనవేలు పైకి లేస్తుందని, అబద్ధమైతే మడమ అరుగుకు రాస్తారని ఊరంతా నమ్మకం. నేను కిటికీలోంచి చూసి అమ్మకు చెప్పేదాన్ని. "దావీదు మాస్టారికి వేలు లేచింది." అమ్మ జడ లాగుతూ, "తల తిప్పమాకే," అనేది.

నేను స్కూలు ఫైనలు పాసయినప్పుడు ఇంట్లో రెండు పక్షాలయ్యాయి. నాన్న ఎలిమెంటరీ బడి పంతులు. నన్ను గుంటూరులో ఆడపిల్లల కాలేజీకి పంపాలని ఆయన కోరిక. నాయనమ్మ ఒప్పుకోలేదు.

"గుంటూరెందుకురా దానికి? మిరపకాయలు అమ్మటానికా?"

"చదువుకోటానికమ్మా."

"చదివిందిగా. ఇంకా ఎంత చదువుద్ది? దాన్ని చేసుకునేవాడు అంతకు రెండింతలు చదవాలగదరా. వాణ్ణి యాడ తెస్తావు?"

చివరికి నాయనమ్మే దారి చెప్పింది. "ప్రెసిడెంటు ఊ అంటే పంపు. ఊ అనకపోతే నా ముందు ఇంకోసారి ఆ మాటెత్తబాక."

మర్నాడు నాన్న అరుగు దగ్గరికి వెళ్ళాడు. నేను కిటికీ దగ్గర నిలబడ్డాను. జడ సగంలోనే ఉంది. అమ్మ కూడా దువ్వెన పట్టుకుని నా భుజం మీదుగా చూస్తూ ఉంది. నాన్న ముందు మస్తాను ఉన్నాడు, అతని టైర్లు ఎంతకీ తెమల్లేదు. నాన్న వంతు వచ్చేసరికి బడి మొదటి గంట కొట్టారు. గబగబా చెప్పాడు. గుంటూరు, కాలేజీ, హాస్టలు అన్న మాటలు వినిపించాయి. నేను పాదాన్ని చూస్తున్నాను. బొటనవేలు లేచింది. అనుమానం లేదు, లేచింది. నాన్న కూడా చూశాడు. ఆయన తుడుచుకునేదాకా ఆగితే రెండో గంట అయిపోతుంది. నాన్న దండం పెట్టి, వీధిలోంచే "ఊ అన్నారే!" అని మాకు అరిచి బడికి పరుగెత్తాడు.

మధ్యాహ్నానికి ఆ మాట ఊరంతా తెలిసింది. నాయనమ్మ అంత తేలికగా వదలలేదు. సాయంత్రం తనే ఎదురింటికి వెళ్ళింది.

"ఏం నాయనా, మా మనవరాల్ని గుంటూరు పంపమన్నావంట?"

ఆయన కాసేపు ఏమీ అనలేదని, అది ఆయన స్వభావం కాదే అనుకున్నానని నాయనమ్మ తర్వాత చెప్పింది. చివరికి, "ఊరంతా చెబుతుంటే నేను కాదంటానా పెద్దమ్మా?" అన్నారట.

నేను కాలేజీలో చేరిన కొన్ని వారాలకే స్వరాజ్య ఉద్యమంలో ఆయన్ని పట్టుకెళ్ళి జైల్లో పెట్టారు. హాస్టలు తిండి పడక నేను చిక్కిపోతే నాయనమ్మ నన్ను మానిపించాలని చూసింది. కానీ ఆయన మాట తిప్పాలంటే ఆయన్నే అడగాలి. ఆయనేమో ఎక్కడో గోడల వెనక ఉన్నారు. "మాట ఇచ్చి పోయి జైల్లో కూర్చున్నాడు," అని నాయనమ్మ విసుక్కునేది. ఆయన బయటికి వచ్చేసరికి నా ఇంటర్ అయిపోయింది.

ఆయన తిరిగొచ్చిన రోజు నాకు బాగా గుర్తు. గడ్డం రొమ్ముదాకా ఉంది. వీధి నిండా జనం. కోటయ్య ముందు కత్తెరతో, తర్వాత కత్తితో అంతా తీసేశాడు. చానా సేపు పట్టింది. ఆ రోజు ఎవరూ ఏమీ అడగలేదు. చెప్పుకోవడానికి అందరికీ ఎన్నో ఉన్నా, వచ్చీ రాగానే ఎందుకని ఆగారు. తుడుచుకుని ఆయన చుట్టూ చూశారు. "ఏందిరా, అందరికీ అన్నీ బాగయినయ్యా ఏంది? ఒక్కడూ నోరు తెరవడు," అన్నారు. కళ్ళలో నీళ్ళు తిరిగాయి. అప్పుడు నేను కిటికీ వదిలి గుమ్మంలోకి వచ్చాను కాబట్టి స్తంభం అడ్డు లేకుండా ఆయన ముఖం చూశాను. పాదాన్ని బట్టి నేను ఊహించుకున్న ముఖం కాదది. చాలా మెత్తని ముఖం.

తర్వాత ఆయన మద్రాసు సభకు, అక్కణ్ణించి ఢిల్లీకి వెళ్ళారు. నాకు పెళ్ళయింది. పుట్టింటికి వచ్చిన ఒకసారి ఆయన కబురు పంపారు. వెళితే ఇంగ్లీషు కాగితాల కట్ట ముందుంచారు. రాజ్యాంగం చిత్తుప్రతి. "ఈ వాక్యం చూడమ్మాయ్. మొదలు కనపడతది, చివర కనపడతది, నడుమ యాడ పోతందో తెలవటం లా," అన్నారు. నేను తెలుగులో విడమరిచి చెప్పాను. మోకాళ్ళ మీద చేతులు పెట్టుకుని విన్నారు. ఒక్కసారీ అడ్డు రాలేదు. గడ్డం మీద సబ్బు లేకుండా ఆయన అంతసేపు వినడం నేను ఎన్నడూ చూడలేదు. ఆశ్చర్యపోయి, "సభలో మీరు బాగా మాట్లాడుతుంటారా పెదనాన్నా?" అని అడిగాను.

"యాడ మాట్లాడేది? ఇంగ్లీషులో మొదలుపెడితే నా గొంతు నాకే పరాయివాడి గొంతులాగుంటది. నోరు మూసుకుని కూచుంటా. ఓటడిగినప్పుడు కాదనకపోతే ఒప్పుకున్నట్టే వాళ్ళ లెక్క." కాగితాలు పక్కకు జరిపి, "పొద్దున లేస్తే గడ్డం కూడా నేనే గీసుకుంటన్నా. చుట్టూ ఎవడూ ఉండడు. కుళాయి చప్పుడొక్కటే," అన్నారు.

నాకు జాలేసింది. ఆయన్ని సంతోషపెట్టాలని, "మీరు ఆనాడు ఊ అనబట్టే కదా నేనివాళ ఇది చదవగలిగాను," అన్నాను.

ఆయన నన్ను చూసి నవ్వారు. "నేనెప్పుడన్నానమ్మా? వద్దందామనుకున్నా. ఆడపిల్లను ఒక్కదాన్ని హాస్టల్లో ఉంచటం నాకప్పుడు సుతరామూ ఇష్టం లేదు. తుడుచుకునేలోపల మీ నాన్న సందు మలుపు తిరిగాడు."

"మరి బొటనవేలు లేచిందే?"

"ఏ వేలు?"

అప్పుడు తెలిసింది. ఇన్నేళ్ళుగా ఊరంతా తన వేలిని చదువుతోందని ఆయనకు తెలియదు. నేనంతా చెప్పాను. మడమ సంగతి కూడా. ఆయన కాలు చాపి, తన పాదాన్ని ఎవరిదో అన్నట్టు అటూ ఇటూ తిప్పి చూసుకున్నారు. "ఓరి వీళ్ళ! నేనింకా నన్ను చూసి వస్తన్నారనుకుంటన్నా. తాలూకాను ఏలింది ఇదన్నమాట," అన్నారు.

"మరి నాయనమ్మ వచ్చి అడిగినప్పుడు కాదనొచ్చు కదా?"

"నా మాట అని ఊళ్ళో పడ్డాక అది నా మాటే. కాదంటే మీ నాన్న అబద్ధాలకోరు అయిపోడూ?" మళ్ళీ కాగితాలు ముందుకు లాక్కున్నారు. "సర్లే. తర్వాత వాక్యం చెప్పు."

ఆ మర్నాటి నుంచి ఆయన గడ్డం గీయించుకునేటప్పుడు కాళ్ళకు బూట్లు తొడుక్కుని కూర్చునేవారని అమ్మ రాసింది.

పోయిన ఎండాకాలం పాపను తీసుకుని నేను నరసరావుపేట వెళ్ళింది ఆయన్ని అడగడానికే. సభకు సెలవులని వచ్చారు. బాగా నీరసించారు. దగ్గు. పొద్దున్నే పాపను చంకనేసుకుని అరుగు దగ్గరికి వెళ్ళాను. మగవాళ్ళు కొంచెం సర్దుకుని చోటిచ్చారు. కోటయ్య నన్ను చూసి, "పంతులుగారి అమ్మాయి. అమ్మాయిని ముందు చెప్పనీండి, చంటిపిల్ల తల్లి," అని కత్తి తీరిగ్గా నూరడం మొదలుపెట్టాడు.

చెప్పాను. బడి సంగతి, అత్తయ్య పెట్టిన షరతు, పాప పాలు. "చేరమంటారా, వద్దంటారా పెదనాన్నా? నాకేం తోచడం లేదు," అన్నాను. ఆయన కళ్ళు మాత్రం నా వైపు తిప్పి పాపను చూశారు. సబ్బు వెనక ముఖంలో ఏమీ తెలియలేదు. బూట్లు ఉన్నాయి. అప్పుడే పాప ఏడుపు ఎత్తుకుంది. నుదురు తాకితే కాలిపోతోంది. రాత్రంతా బాగానే ఉంది, ఎప్పుడు వచ్చిందో. నేను ఇక ఒక్క క్షణం కూడా నిలబడలేకపోయాను. ఆ మధ్యాహ్నమే గుంటూరు ఆసుపత్రికి వెళ్ళాం. జ్వరం తగ్గి తిరిగి వచ్చేసరికి ఆయన ఢిల్లీ బయలుదేరి వెళ్ళిపోయారు. ఉత్తరంలో అడగాలనిపించలేదు. దసరాకు వస్తారుగా అనుకున్నాను.

పెద్దకర్మకు మా అత్తయ్య కూడా వస్తానంటే ఇద్దరం పాపతో నరసరావుపేట వెళ్ళాం. ఆయన కొడుకులు అరుగు మీద గుండ్లు చేయించుకున్నారు. పనంతా అయ్యాక కోటయ్య మా ఇంటికొచ్చి అరుగు మీద చతికిలబడి, "కాసిని మజ్జిగియ్యమ్మాయ్," అన్నాడు. లోపల అత్తయ్య చీర ఉయ్యాలలో పాపను ఊపుతోంది. దూలానికి తాడు రాసుకునే చప్పుడు వినబడుతోంది.

కోటయ్య సగం మజ్జిగ తాగి చెంబు కింద పెట్టాడు.

"ఆ రోజు నువ్వు పిల్లనేసుకుని ఉరికావుగదా. తుడుచుకుని చూసి, యాడ పోయిందిరా పిల్ల అన్నాడు. జొరమొచ్చిందని చెప్పా. అప్పుడో మాటన్నాడు, నీ బడి గురించే. వస్తావేమో చెబుదామని చూశా. నువ్వు రాలా." మూతి తుడుచుకున్నాడు. "చెప్పమంటావా?"

లోపల ఉయ్యాల చప్పుడు ఆగింది.

చిన్నప్పట్నుంచి ఆ అరుగు మీద ఏం జరుగుతుందో తెలుసుకోవాలని కిటికీ పట్టుకుని నిలబడ్డదాన్ని నేను. ఆయన ఏమని ఉంటారో ఇన్ని రోజులూ ఎన్ని విధాలుగానో ఆలోచించాను. వెనకటి మనిషైతే వద్దనే అంటారు. ఆ కాగితాలు నాచేత చదివించుకున్న మనిషి ఏమంటారో తెలియదు. పాపను అలా చూశారు కదా, దాన్ని చూసి చేరమన్నారా, వద్దన్నారా? కోటయ్య నోట్లో ఉంది జవాబు. అడిగితే వచ్చేస్తుంది. వచ్చాక అది నాది కాదు, ఆయనది. వద్దన్నారని వింటే నేను నిజంగానే ఆగిపోతాను. నాకు అది తెలుసు. ఆగడానికి కారణం దొరికిందని లోపల సంతోషిస్తాను కూడా. ఆ సంతోషం ఇప్పుడే కొంచెం తలెత్తుతోంది. దాన్ని చూసి భయమేసింది, పాప జ్వరాన్ని చూసినప్పటి కంటే.

"వద్దు కోటయ్యా," అన్నాను.

"ఏంది, వినవా?"

"వినను."

కోటయ్య నన్ను ఎగాదిగా చూశాడు. లోపల్నుంచి అత్తయ్య, "ఏందంట అమ్మాయ్? ఆయనేమన్నాడంట?" అంది.

"నేను అడిగాను అత్తయ్యా. ఆయన కాదనలేదు," అన్నాను. ఆ రోజు నేను ఆయన ముందు నిలబడి ఉన్నంతవరకు అది నిజమే.

అత్తయ్య గుమ్మందాకా వచ్చింది. నన్ను కాదు, కోటయ్యను చూసింది. "అంతేనా కోటయ్యా?"

కోటయ్య చెంబెత్తి మిగిలిన మజ్జిగ తాగడం మొదలుపెట్టాడు. చిన్న చెంబే. దాన్ని అంతసేపు తాగిన మనిషిని నేను చూడలేదు. అయిపోయాక కూడా చెంబు నోటి దగ్గరే ఉంచుకున్నాడు. తర్వాత పొది చంకన పెట్టుకుని, ఇద్దరికీ తల ఊపి, మెట్లు దిగి వెళ్ళిపోయాడు.

పాప కదిలితే అత్తయ్య లోపలికి వెళ్ళి మళ్ళీ ఉయ్యాల అందుకుంది.

"ఐతే మధ్యాహ్నం గంటకి దీన్ని పాలకి బళ్ళోకి మోసుకొచ్చేది నేనన్నమాట," అంది. "ఎండలో. నాకొక గొడుగు కొనమని మీ ఆయనకు చెప్పు."